కిరాయి చేతులు: డేర్‌డెవిల్ 181వ సంచికలో పనితనం

సూపర్‌హీరో కామిక్స్‌లో పెద్ద విలన్లకు కారణాలుంటాయి. మాగ్నెటోకు తన జాతి అనుభవించిన నరకం, డాక్టర్ డూమ్‌కు అంతులేని అహం, లెక్స్ లూథర్‌కు ఆకాశం నుంచి దిగివచ్చిన మనిషిపై అసూయ. వాళ్ల నోట పేజీలకు పేజీలు ఉపన్యాసాలు చెప్పించవచ్చు. కానీ అదే విలన్ జీతమిచ్చి పెట్టుకున్న హంతకుడికి చెప్పుకోవడానికి ఏముంటుంది? చచ్చేవాడితో అతడికి పగ లేదు, పరిచయమూ లేదు. సుపారీ తీసుకున్నాడు, చంపుతాడు. ఒక్క వాక్యంతో అతడి కారణం అయిపోతుంది.

అందుకే ఈ పాత్రలు చాలా కథల్లో బొమ్మల్లా మిగిలిపోతాయి. ఒక విచిత్రమైన ఆయుధం, ఒక ముసుగు, రెండు బెదిరింపులు, చివర్లో హీరో చేతిలో నాలుగు దెబ్బలు. ఈ పాత్రను మనిషిగా నిలబెట్టాలంటే రచయితకు ఒక్కటే దారి. ఎందుకు చంపుతాడన్నది పక్కన పెట్టి, ఎలా చంపుతాడో చూపించాలి. పని మీద అతడికున్న గర్వం, తనకంటే బాగా చేసేవాళ్ల మీద కడుపుమంట, పని పోతుందన్న భయం పట్టుకోవాలి. ఆ దారిలో నడిచి శిఖరం చేరిన కథ ఒకటుంది. 1982 ఏప్రిల్ తేదీతో మార్వెల్ సంస్థ వెలువరించిన డేర్‌డెవిల్ 181వ సంచిక. రచన, చిత్ర రూపకల్పన ఫ్రాంక్ మిల్లర్‌వి. వాటికి సిరా దిద్ది తుదిరూపం ఇచ్చినవాడు క్లాస్ జాన్సన్.

ఇద్దరు పనివాళ్లు, ఒక యజమాని

డేర్‌డెవిల్‌ను స్టాన్ లీ, బిల్ ఎవరెట్ 1964లో సృష్టించారు. మాట్ మర్డాక్ చిన్నప్పుడే ప్రమాదంలో చూపు పోగొట్టుకున్న న్యూయార్క్ లాయరు. మిగతా ఇంద్రియాలు అసాధారణంగా పదునెక్కాయి. గుండె చప్పుడు విని ఎదుటివాడు అబద్ధమాడుతున్నాడో లేదో చెప్పగలడు. చుట్టూ ఉన్న వస్తువుల ఆకారాలు రాడార్‌లో లాగా అతడికి అందుతాయి. పగలు కోర్టులో వాదిస్తాడు, రాత్రి ఎర్రటి దుస్తులు వేసుకుని హెల్స్ కిచెన్ వీధుల మీద కాపలా కాస్తాడు.

మిల్లర్ 158వ సంచికతో, 1979లో, బొమ్మలు గీయడానికి వచ్చేసరికి ఈ పుస్తకం రెండు నెలలకోసారి వస్తోంది. 1981 జనవరి నాటి 168వ సంచిక నుంచి రచన కూడా అతడిదే. ఆ ఏడాది మధ్యకల్లా పుస్తకం నెలనెలా రావడం మొదలైంది. ఆ రోజుల్లోనే ముగ్గురు నేరస్థులను మిల్లర్ కొత్తగా అమర్చాడు.

మొదటివాడు బుల్స్‌ఐ. 1976లో 131వ సంచికలో మార్వ్ వుల్ఫ్‌మన్, బాబ్ బ్రౌన్ పరిచయం చేసిన పాత్ర. అతీత శక్తులు లేవు. చేతికి ఏది దొరికితే దాన్ని విసిరి ప్రాణం తీయగలడు. నుదుటి మీద తెల్లటి వలయాల గురి గుర్తు. రెండోవాడు కింగ్‌పిన్. స్టాన్ లీ, జాన్ రొమీటా కలిసి 1967లో స్పైడర్‌మ్యాన్ కోసం తయారుచేసిన నేర సామ్రాజ్యాధిపతి. మిల్లర్ అతణ్ణి 170వ సంచికలో డేర్‌డెవిల్ కథలోకి తెచ్చాడు. మూడోది ఎలెక్ట్రా. ఈమె మాత్రం మిల్లర్ సొంత సృష్టి. 168వ సంచికలో అడుగుపెట్టింది. గ్రీకు రాయబారి కూతురు, కాలేజీ రోజుల్లో మాట్ ప్రేమించిన అమ్మాయి. కళ్లెదుట తండ్రి చనిపోయాక ప్రపంచం మీద నమ్మకం పోయి, డబ్బు తీసుకుని మనుషుల్ని వేటాడే వృత్తిలోకి దిగింది.

కింగ్‌పిన్ ఒక మనిషిని కుర్చీలో కూర్చోబెట్టి గీసినట్టు ఉండడు. తెల్లకోటు తొడిగిన ఒక గోడ. కదలడు, అరవడు. వ్యాపారి గుమాస్తాతో మాట్లాడినట్టు మాట్లాడతాడు. అతడి దగ్గర హత్య ఒక శాఖ. ఆ శాఖకు ఒక అధిపతి కావాలి. 181వ సంచిక కథంతా ఆ ఒక్క కొలువు కోసం జరిగే పోటీ. ఈ పునాది ఎంత మామూలుగా ఉందో గమనించాలి. లోకాన్ని నాశనం చేసే యంత్రం లేదు, గ్రహాంతర దాడి లేదు. తన పనిలో వేరొకరు చేరారని తెలిసిన పాత ఉద్యోగి ఆక్రోశమే కథకు ఇంధనం.

కథ చెప్పే గొంతు

ఈ సంచికలో మిల్లర్ తీసుకున్న అత్యంత సాహసమైన నిర్ణయం, కథను బుల్స్‌ఐ నోట చెప్పించడం. పుస్తకం పేరు డేర్‌డెవిల్. మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా మనం వినేది మాత్రం అతడి శత్రువు ఆలోచనల్ని.

అంతకు రెండు సంచికల ముందే మిల్లర్ దీనికి రంగం సిద్ధం చేశాడు. 179వ సంచిక కథకుడు బెన్ యూరిక్ అనే పత్రికా విలేఖరి. సిగరెట్లతో పాడైన ఊపిరితిత్తులు, అలసిపోయిన కళ్లు, ఎదుటివాడి ప్రాణం పోయినా నిజం రాయాలన్న పట్టుదల. సినిమా హాలు చీకట్లో యూరిక్ పక్కనున్న మనిషిని ఎలెక్ట్రా కుర్చీ వెనక నుంచి పొడిచి చంపుతుంది. మన చూపు యూరిక్ చూపే కాబట్టి, ఆమె మనకు ఎక్కడి నుంచి వస్తుందో తెలియని చావులా కనిపిస్తుంది. అక్కడ బాధితుడి వైపు నుంచి హంతకురాలిని చూశాం. 181కి వచ్చేసరికి రచయిత మనల్ని హంతకుడి తల లోపల కూర్చోబెట్టాడు. ఒకే వృత్తిని బయటి నుంచి ఒకసారి, లోపలి నుంచి ఒకసారి చూపడం యాదృచ్ఛికం కాదు.

బుల్స్‌ఐ గొంతులో పిచ్చి కేకలు లేవు. జైల్లో ఉన్నాడు, డేర్‌డెవిల్‌ను చంపడం గురించే రాత్రింబవళ్లు ఆలోచిస్తున్నాడు. కానీ ఆ ఆలోచనల్లో ఒక క్రమం ఉంది. చేయి తిరిగిన పనివాడు తన పనిముట్ల గురించి మాట్లాడినంత నింపాదిగా మాట్లాడతాడు. ఎవరు బలహీనులో, ఎక్కడ సందు దొరుకుతుందో, ఏ క్షణంలో ఏ వస్తువు చేతికి అందుతుందో లెక్క వేస్తుంటాడు. కింగ్‌పిన్‌కు ఇప్పుడు కొత్త హంతకురాలు ఉందని తెలిసినప్పుడు అతడికి కలిగేది అవమానం. టీవీ ఇంటర్వ్యూ అదను చూసి జైలు నుంచి తప్పించుకున్నాక తిన్నగా వెళ్లేది డేర్‌డెవిల్ కోసం కూడా కాదు. ముందు తన స్థానం తనకు కావాలి.

పాఠకుడి పరిస్థితి ఇక్కడ ఇరకాటంలో పడుతుంది. ఎవరి గొంతు వింటామో వారి వైపు కొంచెమైనా ఒరుగుతాం. కథనం స్వభావమే అది. బుల్స్‌ఐ పథకం పారుతుంటే మనకు తెలియకుండానే ఆ పథకాన్ని అనుసరిస్తాం. మిల్లర్ ఆ ఒరుగుబాటును తెలిసే వాడుకున్నాడు. మనం అతడితో నడిచి నడిచి, ఒక చోట ఉలిక్కిపడి ఆగాలి.

ఒక ఒప్పందం తెగిన చోటు

ఎలెక్ట్రాకు కింగ్‌పిన్ ఒక పని అప్పగించాడు. మాట్ స్నేహితుడు, లాయరు ఆఫీసులో భాగస్వామి అయిన ఫాగీ నెల్సన్‌ను చంపాలి. ఆమె ఫాగీని పట్టుకుంటుంది. ఫాగీ భయంతో వణుకుతూ ఆమె ముఖంలోకి చూస్తాడు. గుర్తుపడతాడు. ఈమె కాలేజీలో మాట్ అమ్మాయి కదా అంటాడు. అంతే, ఆమె ఆగిపోతుంది. అతణ్ణి వదిలేస్తుంది.

ఈ దృశ్యం చాలా పొట్టిది. మొత్తం కథ దీని మీదే తిరుగుతుంది. ఇన్ని సంచికలుగా ఎలెక్ట్రా పేరు, గతం, ప్రేమ అన్నీ వదిలేసి పనిగా మాత్రమే బతికింది. ఫాగీ గుర్తుపట్టడంతో ఆమెకు తిరిగి ఒక గతం వచ్చింది. గతమున్న మనిషి ఆ పని చేయలేదు. రంగుల ఎంపిక ఈ మాటను మొదటి నుంచీ చెబుతూనే ఉంది. డేర్‌డెవిల్ దుస్తులూ ఎరుపు, ఎలెక్ట్రా దుస్తులూ ఎరుపే. చవకరకం న్యూస్‌ప్రింట్ మీద పరిమితమైన రంగులతో అచ్చయ్యే పుస్తకంలో ఆ ఎరుపు ప్రతి రాత్రి దృశ్యంలోనూ ఇద్దర్నీ ఒక జతగా చూపిస్తుంది. బుల్స్‌ఐ మాత్రం నీడలాంటి ముదురు రంగులో, నుదుటి మీద తెల్ల వలయాలతో, ఆ ఎరుపుకు దూరంగా నిలబడతాడు.

ఈ సంచికలోనే ఎలెక్ట్రా బుల్స్‌ఐ చేతిలో చనిపోతుంది. ఆ చావును హీరోను ఏడిపించడానికే రాశారన్న ఆక్షేపణ ఒకటుంది. కామిక్స్‌లో అలా రాసిన ఆడపాత్రలు చాలా ఉన్నాయి కాబట్టి ఆ ఆక్షేపణ తేలిగ్గా తీసేయదగింది కాదు. కానీ ఈ కథలో వరుస గమనించాలి. చావుకు ముందు ఆమె తీసుకున్న నిర్ణయం ఉంది. ఆ నిర్ణయం ఎవరూ చెప్పి చేయించింది కాదు. కిరాయి చేయి పని నిరాకరించిన క్షణం, ఆమె కథలో తొలిసారి స్వతంత్రురాలైన క్షణం కూడా అదే. తర్వాత వచ్చే పోరులో ఒకవైపు పని తప్ప మరేమీ లేని మనిషి, మరోవైపు పనిని వదిలేసిన మనిషి. ఎవరు ఓడతారో ఆ తూకంలోనే ఉంది.

పోరు

ఈ సంచిక ముఖచిత్రమే ఇద్దరిలో ఒకరు గెలుస్తారని, ఒకరు చస్తారని పాఠకుడికి ముందే చెప్పేస్తుంది. అంటే ఫలితం దాచిపెట్టి ఉత్కంఠ పుట్టించాలన్న ఆశ మిల్లర్‌కు లేదు. అతడి దృష్టి ఎలా జరుగుతుందన్న దాని మీదే ఉంది. కిరాయి హంతకుల కథకు అదే సరైన పద్ధతి.

రాత్రి వీధిలో ఇద్దరూ ఎదురుపడ్డాక, అప్పటిదాకా ఆగకుండా సాగిన కథకుడి గొంతు తగ్గిపోతుంది. శరీరాలు మాట్లాడతాయి. మిల్లర్ జపాన్ సమురాయ్ కామిక్స్‌ను, ముఖ్యంగా కజువో కోయికే, గోసెకి కోజిమాల లోన్ వుల్ఫ్ అండ్ కబ్‌ను, ఇష్టంగా చదివి నేర్చుకున్నవాడు. దెబ్బకూ దెబ్బకూ మధ్య ఎంత ఖాళీ ఉంచాలి, ఏ కదలికను ఎన్ని ప్యానెళ్లుగా కోయాలి అన్న లెక్క అక్కడి నుంచి వచ్చింది. వీధిదీపం, తడి గోడలు, పొడుగాటి నీడలు మాత్రం విల్ ఐజ్నర్ గీసిన ది స్పిరిట్ వారసత్వం. అసలు ఎలెక్ట్రా పాత్రకే ఐజ్నర్ సృష్టించిన శాండ్ సారెఫ్ ప్రేరణ అని మిల్లర్ చెప్పుకున్నాడు. రెండు దేశాల చిత్రకథా సంప్రదాయాలు ఒక న్యూయార్క్ వీధిలో కలిశాయి.

తర్వాత పేకముక్క. బుల్స్‌ఐ చేతిలో ఒక చిన్న అట్టముక్క ఎలెక్ట్రా గొంతు కోస్తుంది. ఆ క్షణంలో అతడు అనే మాట ముఖ్యం. ఆమె పనిమంతురాలేనని ఒప్పుకుంటాడు, తాను అంతకు మించినవాణ్ణని చెప్పుకుంటాడు. శత్రువును తిట్టడు. పక్క దుకాణంలో అదే పని చేసే మనిషికి మార్కులు వేసినట్టు మాట్లాడతాడు. ఆ ఒక్క మాటతో అతడి లోపల ఎంత ఖాళీ ఉందో తెలిసిపోతుంది. ప్రాణం పోతున్న మనిషి అతడికి ఒక కొలత మాత్రమే.

ఎలెక్ట్రా ఆయుధం సై. ఒకినావా యుద్ధకళల్లో వాడే మూడు మొనల పొట్టి లోహపు ఆయుధం. బుల్స్‌ఐ దాన్నే లాక్కుని ఆమెను పొడుస్తాడు. ఆ ప్యానెల్ కామిక్స్ చరిత్రలో చాలామందికి కంఠతా వచ్చిన బొమ్మ. మొన ఆమె వీపు నుంచి పొడుచుకు వస్తూ ఎర్రటి గుడ్డను బయటికి నెడుతుంది. గుడ్డ గుడారంలా లేస్తుంది. మొన కనిపించదు, చిమ్మే రక్తం కనిపించదు. అప్పట్లో ఇలాంటి పత్రికలు కామిక్స్ కోడ్ నియమాలకు లోబడి రావాలి, హింసను ఎంతవరకు చూపాలో పరిమితులుండేవి. ఆ పరిమితిలోనే మిల్లర్, జాన్సన్ వెతుక్కున్న పరిష్కారం ఇది. రక్తం చూపించి ఉంటే చూసి పక్కకు తిరిగేవాళ్లం. సాగిన గుడ్డ చూపించడంతో, దాని కింద ఏం జరిగిందో మన మనసే పూర్తి చేస్తుంది. ఒక అడ్డంకిని బలంగా మార్చుకోవడమంటే ఇదే.

జాన్సన్ పాత్రను ఇక్కడే గుర్తుచేసుకోవాలి. ఈ దశకు వచ్చేసరికి మిల్లర్ కూర్పును, కదలికల్ని స్థూలంగా గీసి ఇస్తే, సిరాతో వాటికి ప్రాణం పోసి తుదిరూపం ఇచ్చింది జాన్సన్. అతడి గీత నునుపుగా ఉండదు. ముళ్లుముళ్లుగా, కొన్నిచోట్ల తొందరలో గీసినట్టుగా, నలుపు మచ్చలు మచ్చలుగా పడి ఉంటుంది. అందమైన గీత అయితే ఈ పోరు నృత్యంలా కనిపించేది. జాన్సన్ గీతలో అది నొప్పిలా కనిపిస్తుంది.

ఎలెక్ట్రా అక్కడే చనిపోదు. వీధిలో జనం చూస్తుండగా పాకుతూ మాట్ ఇంటి దాకా వెళ్లి, అతడి చేతుల్లో ప్రాణం విడుస్తుంది. చంపడంలో ఇంత నిపుణుడైన బుల్స్‌ఐ లెక్కలోకి రానిది ఈ ప్రయాణం. అతడు గొంతును, గుండెను గురి చూడగలడు. చచ్చే మనిషి ఎటు వెళ్లాలనుకుంటుందో అతడికి అర్థం కాదు.

సరిగ్గా ఊహించి ఓడినవాడు

ఇక్కడితో ఆపినా ఇది మంచి కథే. మిల్లర్ మరో మెలిక పెట్టాడు. ఎలెక్ట్రా ఫాగీని ఎందుకు వదిలింది, ఎక్కడికి పాకింది అన్నది కలిపి చూసి, మాట్ మర్డాకే డేర్‌డెవిల్ అని బుల్స్‌ఐ ఊహిస్తాడు. అది నిజమని మనకు తెలుసు. కథ చెప్పే నేరస్థుడు నిజం పట్టుకున్నాడు. అంటే ఇప్పుడు మనం కథకుడు ఓడిపోవాలని కోరుకోవాలి. అతడి తల లోపల కూర్చున్న మనం మొదటిసారి అతడికి పూర్తిగా ఎదురు తిరుగుతాం. నేను ఇందాక చెప్పిన, ఉలిక్కిపడి ఆగే చోటు ఇదే. కింగ్‌పిన్‌కు ఈ మాట నమ్మశక్యంగా లేదు. చూపులేని లాయరు డేర్‌డెవిల్ ఎలా అవుతాడు? మాట్ ఒక బొమ్మ సాయంతో బుల్స్‌ఐకి మాట్ వేరు, డేర్‌డెవిల్ వేరు అని భ్రమ కలిగిస్తాడు. నిజం పట్టుకున్న నేరస్థుడు తన ఊహ తప్పనుకుని దాన్ని వదిలేస్తాడు.

డేర్‌డెవిల్, బుల్స్‌ఐల జోడింపులో ఉన్న అసలు వ్యతిరేకత ఇక్కడ తేటపడుతుంది. ఒకడికి చూపు లేదు, అయినా మనుషుల లోపలి చప్పుడు వింటాడు. ఇంకొకడికి చూపే సర్వస్వం, ఏ దూరంలో ఉన్నదైనా తగలగొట్టగలడు. కానీ కళ్లెదుట పెట్టిన దాన్ని దాటి చూడలేడు.

చివరి పోరు ఎత్తున తీగల మీద జరుగుతుంది. బుల్స్‌ఐ జారి పడబోతుంటే డేర్‌డెవిల్ చేయి పట్టుకుని ఆపుతాడు. పట్టుకున్న ఆ చేతినే బుల్స్‌ఐ సైతో పొడవబోతాడు. డేర్‌డెవిల్ చేయి వదిలేస్తాడు.

ఈ చేయికి వెనక పన్నెండు సంచికల చరిత్ర ఉంది. 169వ సంచికలో మెదడులో కణితితో మతి తప్పిన బుల్స్‌ఐ, ఎదురుపడ్డ ప్రతివాడిలోనూ డేర్‌డెవిల్‌నే చూస్తూ చంపుకుంటూ పోతాడు. చివరకు సబ్‌వే పట్టాల మీద స్పృహ లేకుండా పడి ఉంటాడు, రైలు వస్తుంటుంది. వదిలేస్తే అయిపోతుంది. డేర్‌డెవిల్ తర్జనభర్జన పడి, లాగి బయటపడేస్తాడు. పోలీసు అధికారి నిక్ మనోలిస్ అతణ్ణి నిలదీస్తాడు. ఇక మీదట వీడు తీసే ప్రాణాలకు బాధ్యత ఎవరిదంటాడు. అప్పట్లో ఆ ప్రశ్నకు డేర్‌డెవిల్ దగ్గర చట్టం చెప్పే జవాబుంది. 181లో అదే ప్రశ్న ఎలెక్ట్రా శవంగా తిరిగి వచ్చింది. అప్పుడు పట్టుకున్న చేయి ఇప్పుడు విడిచిపెట్టింది. ముందెప్పుడో నాటిన గింజను ఇంత ఓపికగా పంట దాకా తెచ్చిన నెలవారీ కథలు అరుదు.

బుల్స్‌ఐ చావడు. వెన్ను విరిగి, కదలలేక ఆసుపత్రి మంచం మీద పడతాడు. కథనం అతడి గొంతుతోనే ముగుస్తుంది. శరీరం మొత్తం ఆగిపోయినా ఆ తల లోపలి లెక్క ఆగలేదు.

గొంతు మారిన ముగింపు

1983 ఫిబ్రవరి నాటి 191వ సంచికతో మిల్లర్ ఈ పరంపర ముగించాడు. ఆ సంచిక అంతా ఆ ఆసుపత్రి గదిలోనే. డేర్‌డెవిల్ ఒక రివాల్వర్‌తో వచ్చి మంచం పక్కన కూర్చుంటాడు. ఒకసారి తన తలకు, ఒకసారి కదలలేని బుల్స్‌ఐ తలకు గురిపెట్టి, మీట నొక్కుతూ, హింసను చూసి నేర్చుకున్న ఒక పిల్లవాడి కథ చెబుతాడు. చివరకు తేలేదేమంటే తుపాకీలో తూటాయే లేదు.

181లో మాట్లాడిందంతా బుల్స్‌ఐ. 191లో అతడు నోరు మెదపలేడు, మాట్లాడేదంతా డేర్‌డెవిల్. రెండు సంచికలు ఒకదానికొకటి ఎదురుబొమ్మలు. సిరా కూడా మారింది. ఇక్కడ టెర్రీ ఆస్టిన్ సన్నని, శుభ్రమైన గీత ఆ ఆసుపత్రి గదిని నిర్దాక్షిణ్యంగా తెల్లగా ఉంచుతుంది. జాన్సన్ గీతలోని చీకటి అక్కడ దాక్కోవడానికి చోటు ఇచ్చేది. ఆస్టిన్ గీత ఇవ్వదు.

అదే దారిలో ఇంకొందరు

ఇదే కాలంలో డీసీ కామిక్స్‌లో మార్వ్ వుల్ఫ్‌మన్, జార్జ్ పెరెజ్ 1980లో డెత్‌స్ట్రోక్‌ను సృష్టించారు. టీన్ టైటాన్స్‌ను చంపే ఒప్పందం నిజానికి అతడి కొడుకుది. కొడుకు ఆ ప్రయత్నంలో చనిపోతే, తండ్రి ఆ ఒప్పందాన్ని తన మీద వేసుకుంటాడు. కిరాయి హత్యను తండ్రి బాధ్యతగా మార్చిన ఆలోచన అది. జాన్ ఒస్ట్రాండర్ 1987లో మొదలుపెట్టిన సూసైడ్ స్క్వాడ్‌లో డెడ్‌షాట్ గురి తప్పడు, కానీ తన ప్రాణం మీద తనకే ఆసక్తి లేదు. ఆ ఉదాసీనతే ఆ పాత్రకు లోతు. మిల్లర్ తానే ఎలెక్ట్రాను మళ్లీ రాయగా, బిల్ సియెంకెవిచ్ రంగులతో 1986లో మొదలైన ఎలెక్ట్రా: అసాసిన్ ఎనిమిది సంచికలుగా వచ్చింది. వీటన్నిటిలోనూ మూలసూత్రం ఒకటే. హంతకుడి పని తీరులోంచే మనిషిని బయటికి తీశారు.

ఈ కథలు ఇప్పుడు సంపుటాలుగా దొరుకుతున్నాయి. 2003 నాటి సినిమాలోనో, తర్వాతి నెట్‌ఫ్లిక్స్ ధారావాహికలోనో బుల్స్‌ఐని చూసినవారు అసలు పుస్తకానికి వెళితే, 168, 169, 179, 181, 191 సంచికలను ఈ వరుసలో చదవమని చెబుతాను. మొదటిసారి కథ కోసం చదవండి. రెండోసారి మాటలు వదిలేసి, ఎవరి చేతులు ఏం పట్టుకున్నాయి, ఎప్పుడు వదిలాయి అన్నది మాత్రమే చూస్తూ పేజీలు తిప్పండి. కారణం లేని హంతకుణ్ణి మనిషిగా నిలబెట్టడానికి మిల్లర్‌కు ఉపన్యాసం ఒక్కటీ ఎందుకు అవసరం కాలేదో ఆ చేతులే చెబుతాయి.